శాంటొరీని ఫుల్ డే బస్ టూర్: అమ్మానాన్నలతో వెళ్తే ఈ షెడ్యూలు నడుస్తుందా?

గోదారిగట్టు
సెప్టెంబరు మధ్యలో అమ్మానాన్నలతో గ్రీస్ వెళ్తున్నాం. శాంటొరీనిలో రెండు రాత్రులు, బస కమారిలో. మధ్యలో దొరికేది ఒక్క పూర్తి రోజే, అందుకని గైడు ఉండే బస్ టూరు అనుకుంటున్నాం. ఏజెంటు పంపిన షెడ్యూలు: పొద్దున 9:30కి పికప్, ప్రొఫితిస్ ఇలియాస్ కొండ 20 నిమిషాలు, అక్రోతిరి తవ్వకాలు గంటంబావు, రెడ్ బీచ్ 20 నిమిషాలు, పెరిస్సాలో భోజనానికి గంటన్నర, వైనరీ గంట, చివర్లో ఇయాలో సూర్యాస్తమయం, రాత్రి 9కి వెనక్కి. తలకి 70 యూరోలు. అమ్మకి మోకాళ్ళ నొప్పులు, నాన్నకి షుగరు. ఇద్దరూ శాకాహారులు, మందు ముట్టరు. ఒక్క రోజులో ఇన్ని చోట్లు తిప్పడం జరిగే పనేనా? డబ్బు దండగా?

బస్టాండ్‌బాబాయ్
దండగే. ముగ్గురికి 210 యూరోలు. అక్కడి మామూలు జనం బస్సు, కేటెల్ అంటారు, అందులో ఏ మూలకెళ్ళినా టికెట్టు రెండు మూడు యూరోలు. ఎక్కాక కండక్టరే వచ్చి టికెట్టు కొడతాడు, చిల్లర దగ్గర పెట్టుకుంటే చాలు.

ఏజియన్‌గాలి
బాబాయ్ గారూ, ఒంటరిగా తిరిగేవాళ్ళకి మీ మాట నిజమే. ఈ కుటుంబానికి మాత్రం కుదరదు. కేటెల్ రూట్లన్నీ దీవి ముఖ్య పట్టణం ఫిరా బస్టాండు నుంచే చీలతాయి. కమారి నుంచి అక్రోతిరికి నేరుగా బస్సు లేదు, ఫిరాలో దిగి మారాలి. అక్రోతిరి నుంచి పెరిస్సాకీ అంతే, మళ్ళీ ఫిరా. పెరిస్సా నుంచి ఇయాకి కూడా అంతే. మారిన ప్రతిసారీ ఎండలో నిలబడాలి, సీజన్‌లో బస్సు నిండిపోతే ఇయా దాకా నిలబడే వెళ్ళాలి. మోకాళ్ళ నొప్పులున్న మనిషిని ఒకే రోజు అన్నిసార్లు ఎక్కించి దించడం కంటే, కాళ్ళ దగ్గర సంచి పెట్టుకుని ఒకే సీట్లో కూర్చునే కోచ్ నయం.

గోదారిగట్టు గారూ, షెడ్యూలు పడుతుంది. దీవి మొత్తం 76 చదరపు కిలోమీటర్లు. ఫిరా నుంచి ఇయాకి 11 కిలోమీటర్లు, అక్రోతిరికీ పెరిస్సాకీ కూడా అరగంటకి మించదు. ప్రయాణం కంటే బస్సు దిగాక ఎంత నడవాలన్నదే మీరు లెక్క వేసుకోవాల్సింది. ఏజెంట్ల కాగితంలో అది రాయరు.

ప్రొఫితిస్ ఇలియాస్: ఎత్తు దాదాపు 565 మీటర్లు, దీవిలో అదే అన్నిటికంటే పెద్ద కొండ. బస్సు పైదాకా వెళ్తుంది, నడక దాదాపు లేదు. దారంతా మెలికలు, కళ్ళు తిరిగేవాళ్ళు ముందు సీట్లో కూర్చోవాలి. 1711లో కట్టిన మఠం ఉంది గానీ చాలాసార్లు తలుపులు మూసే ఉంటాయి. అక్కడ ఆపేది దృశ్యం కోసమే.

అక్రోతిరి: మొత్తం పైకప్పు కింద, చెక్క నడవాలూ ర్యాంపులూ ఉన్నాయి. అమ్మగారికి ఇబ్బంది ఉండదు.

రెడ్ బీచ్: ఇది ఆవిడకి వద్దు. బండి ఆగే చోట నుంచి బీచ్‌లోకి దారి రాళ్ళ మీదుగా పోతుంది. పైనుంచి కొండచరియలు విరిగి పడుతుంటాయని అధికారులు ప్రవేశం నిషేధిస్తూ బోర్డులు కూడా పెట్టారు. మంచి గైడు అయితే మలుపు దాకా తీసుకెళ్ళి, అక్కడి నుంచే చూపించి వెనక్కి తెస్తాడు. 20 నిమిషాలు అందుకే.

పెరిస్సా: చదును. ఆ సంగతి విడిగా రాస్తాను.

ఇయా: ఈ రోజంతటిలో కష్టమైన భాగం ఇదే. కోచ్‌లు ఊరి బయట పార్కింగులోనే ఆగుతాయి. లోపల సందులన్నీ మెట్లూ పాలరాతి బాటలూ.

వరంగల్‌పిల్ల
గైడు గురించి ఎవ్వరు చెప్పలే. గ్రీస్‌ల పురావస్తు స్థలాల లోపట లైసెన్సున్న గైడే చెప్పాలె. చానా టూర్లల్ల బస్సుల ఉండేటోళ్ళు ఉత్త ఎస్కార్టులు. గేటు కాడ టికెట్లిచ్చి "మీరు చూసి రండ్రి" అంటరు. బుక్ చేసే ముంగట రెండు అడుగుండ్రి: అక్రోతిరి లోపటికి లైసెన్సు గైడు వస్తడా, టూరు ఒక్క భాషలనేనా రెండు భాషలల్లనా? రెండు భాషలైతే ప్రతి ముచ్చట రెండుసార్లు చెప్పాలె. గంటంబావుల సగం వేరే భాషకే పోతది.

గోదారిగట్టు
ఇది అస్సలు తట్టలేదు. థాంక్స్ అక్కా. కాగితంలో "టూర్ లీడర్" అని ఉంది. లైసెన్స్ మాటే లేదు.

వరంగల్‌పిల్ల
గదే మరి. రాతపూర్వకంగ అడుగు తమ్మీ. ఎంట్రీ టికెట్టు కలిపి 70నా, విడిగనా అన్నది గూడ.

రాళ్ళూరప్పలూ
టికెట్టు విడిగానే అయ్యుంటుంది, అలా రాయడం మామూలే. 2025 ఏప్రిల్ నుంచి అక్రోతిరి ప్రవేశం 20 యూరోలు. ముగ్గురికి 60 కలుపుకోండి. 65 దాటినవాళ్ళకి రాయితీ అని బోర్డు కనిపిస్తుంది, అది యూరోపియన్ యూనియన్ పౌరులకే. మన పాస్‌పోర్టుతో అడిగి క్యూలో టైము పోగొట్టుకోవద్దు. వేళలు సీజన్‌ని బట్టి మారతాయి, వారంలో ఒకరోజు మూసే సందర్భాలూ ఉంటాయి. మీ తేదీకి తెరిచి ఉందో లేదో గ్రీకు సాంస్కృతిక శాఖ ఈ-టికెట్ సైటులో ముందే చూసుకోండి.

అక్కడ ఏం చూస్తారో తెలిసి వెళ్తే ఆ గంటంబావు చాలదు. క్రీ.పూ. 1600 చుట్టుపక్కల అగ్నిపర్వతం పేలి ఊరంతా బూడిద కింద పడింది. సరిగ్గా ఏ ఏడాది అన్నది పండితులు ఇంకా తేల్చుకోలేదు. 1860లలో సూయజ్ కాలువ పనికి ఈ దీవుల బూడిద మట్టి తవ్వి తీసుకెళ్తుంటే పాత గోడలు బయటపడ్డాయి. అక్రోతిరిలో పద్ధతిగా తవ్వకం మొదలుపెట్టింది 1967లో, స్పిరిడన్ మారినాటోస్ అనే పురావస్తు శాస్త్రవేత్త. 1974లో ఆయన ఆ తవ్వకాల దగ్గరే చనిపోయారు.

నడవా మీద వెళ్తూ మూడు చూడమని అమ్మానాన్నలకి చెప్పండి. రెండు మూడు అంతస్తుల ఇళ్ళు, పై అంతస్తు కిటికీలు ఇప్పటికీ నిలబడి ఉన్నాయి. వెస్ట్ హౌస్ అనే ఇంట్లో మేడ మీద మరుగుదొడ్డి, గోడలోంచి దిగే మట్టి గొట్టం, అది వీధి కింద కాలువలో కలిసే తీరు. ఆ తర్వాత వరసగా పేర్చిన పెద్ద పెద్ద జాడీలు. పేలుడుకి ముందు భూకంపం వస్తే జనం తిరిగొచ్చి మరమ్మతులు మొదలుపెట్టిన ఆనవాళ్ళున్నాయి. పాంపేలోలా శవాలు దొరకలేదు, విలువైన వస్తువులూ దాదాపు లేవు. అంటే సర్దుకుని బయటపడే టైము వాళ్ళకి దొరికింది.

రంగుల గోడచిత్రాలు మాత్రం అక్కడ ఉండవు. కొన్ని ఏథెన్స్ జాతీయ పురావస్తు మ్యూజియంలో ఉన్నాయి. నీలి కోతుల చిత్రమూ, 1999లో దొరికిన చిన్న బంగారు కొండమేకా ఫిరాలోని ప్రాగైతిహాసిక థీరా మ్యూజియంలో ఉన్నాయి. మీ షెడ్యూల్లో ఫిరానే లేదు, అదే నాకు బాధ.

ఫొటోపిచ్చి
అక్రోతిరి పొద్దున్నే పెట్టించుకోండి. పది పదకొండు మధ్యలో క్రూయిజ్ ఓడల వాళ్ళ బస్సులన్నీ అక్కడికే వస్తాయి, నడవా మీద ముందువాళ్ళు కదిలితేనే మనం కదలాలి.

రాళ్ళూరప్పలూ
ఒప్పుకోను. అది కప్పున్న చోటు. ఎండ నడినెత్తిన ఉన్నప్పుడు నీడలో ఉండే స్టాపు ఈ రోజంతటిలో అదొక్కటే. మధ్యాహ్నం పన్నెండూ ఒంటిగంట మధ్య పెడితే ఓడల గుంపు భోజనానికి వెళ్ళిపోతుంది, పెద్దవాళ్ళకి ఎండా తప్పుతుంది.

ఫొటోపిచ్చి
నాన్నగారికి షుగరు కదండీ. ఒంటిగంటకి బయటికొస్తే భోజనం రెండవుతుంది. పైగా కొన్ని రోజుల్లో అక్రోతిరి మధ్యాహ్నమే మూసేస్తారు, కాస్త ఆలస్యమైతే గేటు దగ్గరే ఆగిపోవాలి. వాళ్ళ షెడ్యూల్లో వరస బాగానే ఉంది. కొండ పొద్దున్నే రావడం కూడా లాభమే. సూర్యుడు తూర్పున ఉంటాడు, కాల్డెరా, అంటే అగ్నిపర్వతం కూలిన చోట సముద్రం నిండిన పెద్ద గుంట, పడమట ఉంటుంది, వెలుతురు దాని మీద పడుతుంది. సాయంత్రం అదే కొండ మీద నుంచి తీస్తే ఎదురెండకి అంతా తెల్లగా పోతుంది.

రాళ్ళూరప్పలూ
షుగరు సంగతి నేను చూసుకోలేదు. అయితే పొద్దున్నే ఉండనివ్వండి.

పప్పుచారు
భోజనం గురించి. ఏజియన్‌గాలి గారు పెరిస్సా గురించి రాసేలోపు నేను అందుకుంటా.

శాంటొరీనిలో శాకాహారులు పస్తుండక్కర్లేదు. ఫావా అడగండి. అదే పేరున్న చిక్కుడు గింజ కాదు, ఇక్కడి పసుపు పప్పు. మన లంకపప్పుకి దగ్గర చుట్టం. మెత్తగా ఉడికించి ముద్దపప్పులా పెడతారు, పైన ఉల్లిపాయ, కేపర్లు, ఆలివ్ నూనె. దీవి పేరు మీద యూరోపియన్ యూనియన్ రక్షణ కూడా ఉంది దానికి. తర్వాత తొమాతోకెఫ్తేదెస్, నీళ్ళు తక్కువుండే చిన్న టమాటాలతో చేసే వడలు. పిండి, ఉల్లి, పుదీనా పడతాయి. తెల్ల వంకాయ కూడా ఇక్కడిదే.

జాగ్రత్త పడాల్సినవి చెప్తా. వడలు వేయించే నూనెలోనే చేపా స్క్విడ్డూ వేయిస్తారు, పట్టింపు ఉంటే ముందే అడగాలి. గెమిస్తా అంటే టమాటాలో, మిరపకాయలో కూరిన అన్నం. కొన్ని చోట్ల అందులో కీమా కలుపుతారు. "హోరీస్ క్రేయాస్" అంటే మాంసం లేకుండా. చేప వాళ్ళ లెక్కలో మాంసం కాదు, అందుకని "హోరీస్ ప్సారీ" అని కూడా కలపండి.

ఎన్నారై_డాలస్
"నిస్తీసిమో" అని అడిగితే ఉపవాసపు వంట పెడతారని, అది వీగన్ అని చాలా సైట్లలో రాస్తున్నారు కదా?

పప్పుచారు
సగమే నిజం. గ్రీకు ఆర్థడాక్స్ ఉపవాసంలో మాంసం, పాలు, గుడ్లు, చేప మానేస్తారు గానీ రొయ్యలు, ఆక్టోపస్, స్క్విడ్ తినొచ్చు. ఆ ఒక్క మాటే నమ్ముకుంటే పళ్ళెంలో ఆక్టోపస్ వస్తుంది. నిస్తీసిమో అన్నాక "హోరీస్ థలసినా" కూడా అనాలి, అంటే సముద్రపు జీవులు లేకుండా.

గోదారిగట్టు
ఇవన్నీ కాగితం మీద తెలుగులో రాసి అమ్మకిచ్చేస్తా 🙂 నాన్న అయితే ఇప్పుడే ఫావా గురించి అడుగుతున్నారు.

ఏజియన్‌గాలి
ఇక పెరిస్సా. ఆ గంటన్నరలో చాలామంది గంటసేపు తినడానికీ బిల్లుకీ పోగొట్టుకుంటారు. దిగగానే ఆర్డరు ఇచ్చేసి, బిల్లు కూడా అప్పుడే అడగండి. గ్రీస్‌లో మనం అడిగేదాకా బిల్లు తేరు, మర్యాద కాదనుకుంటారు. చాలా హోటళ్ళలో తింటే ఎదురుగా ఉన్న పడక కుర్చీలు ఉచితం, కూర్చునే ముందు కనుక్కోండి.

నల్ల ఇసుక మధ్యాహ్నానికి కాలిపోతుంది, ఉత్త కాళ్ళతో నాలుగడుగులు కూడా వేయలేరు. నీళ్ళలో అడుగుపెట్టే చోట బల్లపరుపు రాతి పలకలున్నాయి, పాచి పట్టి జారతాయి. దాటగానే లోతు గబుక్కున పెరుగుతుంది. అమ్మగారు కాళ్ళు తడుపుకుంటానంటే రబ్బరు చెప్పులుండాలి, చెయ్యి పట్టుకుని ఒకరుండాలి. కమారిలో మీ హోటలు ముందు అయితే గులకరాళ్ళు, అక్కడా చెప్పులు తప్పవు.

మరుగుదొడ్డి హోటల్లోనే చూసుకోండి, ఆ తర్వాత వైనరీ దాకా సరైనది దొరకదు. కాగితం కమోడ్‌లో వేయకూడదు, గొట్టాలు సన్నం, పక్కన బుట్ట ఉంటుంది. కుళాయి నీళ్ళు తాగకండి, సీసాలు కొనుక్కోండి.

బస్టాండ్‌బాబాయ్
మందు ముట్టని ఇంటికి వైనరీలో గంట ఎందుకండీ? ఆ గంట ఫిరాకో పిర్గోస్‌కో ఇవ్వమనండి.

రాళ్ళూరప్పలూ
తాగకపోయినా ఆ తోట చూడాల్సిందే. తీగల్ని పందిరి మీద పాకించరు. నేల మీదే చుట్టలు చుట్టి బుట్టలా అల్లుతారు, దాన్ని కులూరా అంటారు. గుత్తులు బుట్ట లోపల కాస్తాయి. మెల్తెమి అనే వేసవి ఉత్తర గాలికి రేగే ఇసుక నుంచీ ఎండ నుంచీ అదే కాపు. వాన చాలా తక్కువ. రాత్రి సముద్రం మీద నుంచి వచ్చే తేమని ప్యూమిస్ అనే తేలికపాటి అగ్నిపర్వత రాళ్ళు పట్టి ఉంచుతాయి, తీగ దానితోనే బతుకుతుంది. 19వ శతాబ్దంలో యూరప్ ద్రాక్షతోటల్ని నాశనం చేసిన ఫిలోక్సెరా పురుగు ఈ బంకమన్ను లేని నేలలో నిలవలేకపోయింది. అందుకే ఇక్కడి అసిర్తికో రకం ద్రాక్ష తీగలు ఇప్పటికీ అంటు కట్టకుండా సొంత వేళ్ళ మీదే ఉన్నాయి. వ్యవసాయం తెలిసిన నాన్నగారైతే గంట చాలదు.

రుచి చూడటానికి ఇచ్చే గ్లాసుల డబ్బు విడిగా ఉంటుంది, వద్దంటే బలవంతమేమీ లేదు. బస్సు దిగేముందే మీ ముగ్గురికీ ఆ గ్లాసులు వద్దని గైడుతో చెప్పండి.

నౌకాప్రయాణి
ఈ చర్చ చదివే క్రూయిజ్ ఓడవాళ్ళ కోసం ఒక మాట, ఎందుకంటే వాళ్ళ రోజు వేరేలా ఉంటుంది. క్రూయిజ్ ఓడలు ఫిరా కింద లంగరేస్తాయి, చిన్న పడవల్లో ఒడ్డుకి దింపుతారు. ఓడ ద్వారా బస్ టూరు కొన్నవాళ్ళని మామూలుగా అథినియోస్ రేవులో దింపుతారు, కోచ్‌లు ఎక్కేది అక్కడే. టూరు మాత్రం ఫిరాలో ముగుస్తుంది. అక్కడి నుంచి పాత రేవుకి మీరే దిగాలి. కేబుల్ కార్ ఉంది, ఓడలెక్కువున్న రోజు దాని క్యూ గంట దాటుతుంది. లేదంటే 580కి పైగా మెట్లు, వాటి మీదే గాడిదలు, వాటి పేడ. జారడం ఖాయం. గాడిదకి 100 కిలోలు లేదా దాని బరువులో ఐదో వంతుకి మించి ఎక్కించకూడదని 2018లో చట్టం తెచ్చారు. ఐదో వంతు లెక్కన చూస్తే చాలామంది పెద్దవాళ్ళని ఎక్కించనే కూడదు. ఆఖరి పడవ టైముకి రెండు గంటల ముందే క్యూలో నిలబడండి. 2025 జులై నుంచి ఓడ దిగే ప్రతి మనిషికీ రుసుము కూడా ఉంది, శాంటొరీనిలో జూన్ నుంచి సెప్టెంబరు దాకా 20 యూరోలు.

గోదారిగట్టు
మేం ఓడ కాదు గానీ ఓడలు ఎక్కువున్న రోజు తప్పించుకోవచ్చా?

నౌకాప్రయాణి
తప్పించుకోవచ్చు. ఏ తేదీన ఏ ఓడ వస్తుందో రేవు షెడ్యూలు నెట్‌లో నెలల ముందే ఉంటుంది. 2025 నుంచి రోజుకి 8,000 మంది క్రూయిజ్ ప్రయాణికులని పరిమితి పెట్టారు. 8,000 కూడా ఇయా సందులకి ఎక్కువే. రెండు రాత్రుల్లో ఏ రోజు తక్కువుంటే ఆ రోజుకి మార్చుకోండి.

ఎన్నారై_డాలస్
క్రీట్‌లో ఉండి హెరాక్లియన్ నుంచి ఒక్కరోజు టూరు చేస్తే? ఫాస్ట్ బోట్ రెండు గంటలే అంటున్నారు.

ఏజియన్‌గాలి
చేయొచ్చు. దీవి మీద నికరంగా ఆరు గంటలు దొరుకుతాయి, సూర్యాస్తమయం దొరకదు, సాధారణంగా ఇయా, ఫిరా రెండే చూపిస్తారు. జులై, ఆగస్టుల్లో మెల్తెమి గట్టిగా వీస్తే ఫాస్ట్ బోట్లు ముందు ఆగిపోతాయి, నడిచినా బాగా ఊగుతాయి. మాత్ర వేసుకునేవాళ్ళు ఎక్కాక కాదు, ఎక్కే ముందే వేసుకోవాలి. మర్నాడే విమానం ఉంటే ఈ టూరు పెట్టుకోకండి.

వరంగల్‌పిల్ల
భూకంపాల ముచ్చట? మా ఇంట్ల అందరు గదే అడుగుతున్నరు.

రాళ్ళూరప్పలూ
2025 జనవరి చివర్లో మొదలై ఫిబ్రవరిలో వేల కొద్దీ ప్రకంపనలొచ్చాయి, శాంటొరీనికీ అమోర్గోస్‌కీ మధ్య సముద్రం కింద. 5 తీవ్రత దాటినవీ ఉన్నాయి. పది వేల మందికి పైగా దీవి వదిలి వెళ్ళారు, బడులు మూశారు, తర్వాత తగ్గిపోయాయి. ఇప్పటి అగ్నిపర్వత ద్వీపం నేయా కమేనీలో ఆఖరి విస్ఫోటం 1950. పెద్ద నష్టం చేసింది 1956 జులై 9 భూకంపం, 50 మందికి పైగా పోయారు, ఇయా బాగా కూలింది.

పర్యాటకులు చేయాల్సింది పెద్దగా లేదు. ఫోన్‌లో 112 అత్యవసర హెచ్చరికల మెసేజీలు ఆపేయకండి. కదలిక వస్తే కాల్డెరా అంచుకీ, కొండ కింద రేవులకీ దూరంగా జరగండి. రెడ్ బీచ్‌లోకి దిగొద్దని పైన ఏజియన్‌గాలి గారు చెప్పిన మాట ఇందుకు కూడా పనికొస్తుంది.

ఫొటోపిచ్చి
ఇప్పుడు ఇయా. ఎక్కువమంది టూరు పాడయ్యేది అక్కడే. సెప్టెంబరు మధ్యలో సూర్యాస్తమయం ఏడున్నరకి కాస్త ముందు. అందరూ వెళ్ళేది పాత కోట శిథిలాల మీదకి. అక్కడ చోటు కావాలంటే గంటన్నర ముందే నిలబడాలి, కూర్చోడానికేమీ ఉండదు, పిట్టగోడే. కోట నుంచి పార్కింగుకి మామూలప్పుడు పదిహేను నిమిషాలు. సూర్యుడు మునిగాక జనమంతా ఒకే సందులోకి తిరుగుతారు, అప్పుడు అరగంట. కోచ్ మాత్రం పావుగంటలో బయల్దేరుతానంటుంది. లెక్క కుదరదు.

అమ్మగారితో కోట జోలికి పోవద్దు. ఊరి మధ్య పనాగియా ప్లత్సానీ చర్చి ముందు చదును మైదానం ఉంది, కూర్చోడానికి అంచులున్నాయి, కాల్డెరా ఎదురుగానే. సూర్యబింబం చివరికంటా కనిపించకపోవచ్చు గానీ తెల్ల గోడలు గులాబీ రంగుకి తిరగడం అక్కడి నుంచే బాగుంటుంది. పోస్టుకార్డుల్లో కనిపించే నీలి గుమ్మటాలు, అంటే అనాస్తాసీ, అయ్యోస్ స్పిరిదోనాస్ చర్చీలు, పక్క సందులోంచి చూడాలి. దిగగానే అది చూసేయండి, సూర్యాస్తమయానికి వదిలేయొద్దు. ఇళ్ళ కప్పుల మీదకి ఎక్కకండి, కింద మనుషులు కాపురం ఉంటారు.

బస్టాండ్‌బాబాయ్
అసలు సూర్యాస్తమయం పిర్గోస్‌లో చూస్తే పోలా? ఎత్తు మీద ఊరు, జనం తక్కువ, కమారికి దగ్గర.

ఫొటోపిచ్చి
పిర్గోస్ నాకూ ఇష్టం. కానీ పైన కాస్తేలి దాకా మొత్తం మెట్లే, ఆవిడకి అది ఇయా కంటే కష్టం. ఎక్కకుండా చూడాలంటే ఫిరా పక్కనే ఉన్న ఫిరోస్తెఫాని నయం.

ఏజియన్‌గాలి
ఇంకొకటి. పికప్ హోటలు గుమ్మం ముందు ఉండదు. పెద్ద కోచ్ కమారి సందుల్లోకి రాదు, దగ్గర్లోని కలుసుకునే చోటు చెప్తారు. మీ ఊరు మొదటి స్టాపా చివరిదా అడగండి. మొదటిదైతే మిగతావాళ్ళని ఎక్కించుకోడానికే ముప్పావుగంట బస్సులో కూర్చోవాలి, కాకపోతే ముందు సీట్లు దొరుకుతాయి. మీకు అదే మంచిది.

గోదారిగట్టు
ఏజెంటుకి మెయిల్ పెట్టాను: లైసెన్సు గైడు అక్రోతిరి లోపలికి వస్తారా, ఒకే భాషా, ప్రవేశ టికెట్టు ఎవరిది, కమారి పికప్ ఎక్కడ, ఇయాలో సూర్యాస్తమయం తర్వాత ఎన్ని నిమిషాలకి బస్సు కదులుతుంది. ఓడల షెడ్యూలు చూస్తే రెండో రోజే తక్కువ, ఆ తేదీయే అడిగాను. ఆ పొద్దున అక్రోతిరి తెరిచే ఉందని సైటులో చూశా. నాన్నకి మధ్యలో తినడానికి ఏం పెట్టుకోమంటారు? పెరిస్సా చేరేసరికి ఒకటిన్నర అయ్యేలా ఉంది.

పప్పుచారు
కమారిలో బేకరీలు పొద్దున్నే తెరుస్తారు. నువ్వులద్దిన కులూరి రింగు రొట్టె రెండు, ఉప్పు లేని బాదం ఒక పొట్లం తీసుకోండి. అక్రోతిరి నడవా మీద తిననివ్వరు, కొండ దిగాక బస్సులోనే పెట్టేయండి. ఇన్సులిన్ ఉంటే పెద్ద సంచిలో వేసి కింద డిక్కీలో పెట్టొద్దు, ఎండకి అక్కడ బాగా వేడెక్కుతుంది. చేతిసంచిలో చల్లటి నీళ్ళ సీసా పక్కన, గుడ్డలో చుట్టి పెట్టుకోండి.